తరుగు ఇవ్వకండి, తిరస్కరించమనండి

రాత్రి ఎనిమిదిన్నరకు ఫోను వస్తుంది. కొనుగోలు సెంటరులో కాంటా అయిపోయి, లారీ మిల్లుకు పోయి, మీరు కాళ్లు కడుక్కొని అన్నం ముందర కూర్చున్న వేళకే వస్తుంది. "అన్నా, మీ వడ్లు మిల్లోళ్లు దించుకుంటలేరు. తాలు ఉందంటున్నరు. బస్తాకు ఇంకో కిలో ఇడిస్తే ఇప్పుడే దించుతరట. ఏమంటవ్?"

ఆ 'ఏమంటవ్'కు ఊరందరికీ తెలిసిన జవాబు ఒకటే: "సరే, కానియ్." లారీ కిరాయి, హమాలీల కూలి, మబ్బు పట్టిన ఆకాశం, ఎరువుల దుకాణంలో బాకీ అన్నీ కలిసి ఆ మాటను మన నోట పలికిస్తాయి.

కానియ్ అనకండి. "వద్దంటే వాపస్ పంపమను. ఎందుకొద్దో కాగితం మీద రాసియ్యమను" అనండి.

ఊళ్లో దీన్ని తిక్క సలహా అంటారు. మా బామ్మర్ది అయితే "బావా, నీ మాట విన్నోని వడ్లు కల్లంలనే మొలకొస్తయి" అన్నాడు. ఆయన భయం అబద్ధం కాదు. నాలుగు రోజులు ఆలస్యమైతే వాన రావచ్చు. వడ్లు తడిస్తే రంగు మారతాయి, ఇప్పుడు లేని వంక అప్పుడు నిజంగానే పుడుతుంది. అన్నీ తెలిసే చెబుతున్నాను. ఈ సలహా, దీని వెంట వచ్చే మరికొన్ని సలహాలు, మా ఊరి లెక్కలో అన్నీ తప్పుడువే. నాకు మాత్రం అవి పోగొట్టుకొని నేర్చుకున్నవి.

పట్టికలో కిలోల మాటే లేదు

ప్రభుత్వం కొనే ధాన్యం ఎలా ఉండాలో కేంద్ర ఆహార, ప్రజాపంపిణీ శాఖ ప్రతి సీజనుకూ ఒక పట్టిక ఇస్తుంది. సెంటర్ల దగ్గర ఫ్లెక్సీ మీద 'ఎఫ్‌ఏక్యూ ప్రమాణాలు' అని కనిపించేది అదే. వడ్లలో తేమ 17 శాతం దాటకూడదు. మట్టి, రాళ్లు, ఇసుక 1 శాతం. పొల్లు, గడ్డి, కలుపు గింజలు ఇంకో 1 శాతం. పాడైనవి, రంగు మారినవి, మొలకెత్తినవి, పురుగు పట్టినవి కలిపి 5 శాతం. ముదరని, ముడుచుకుపోయిన గింజలు 3 శాతం. తక్కువ రకం కలగలుపు 6 శాతం. అంతే.

ఆ పట్టికను పైనుంచి కిందికి, కిందినుంచి పైకి చదవండి. 'బస్తాకు రెండు కిలోలు' అన్న మాట ఎక్కడా దొరకదు. అందులో ఉన్నవన్నీ దాటకూడని గీతలు. గీతకు లోపలుంటే పూర్తి మద్దతు ధర ఇచ్చి కొనాలి. దాటితే కొనకుండా, ఆరబెట్టుకొనో తూర్పార పట్టుకొనో తెమ్మని చెప్పాలి. తాలు ఉంది కాబట్టి తూకంలో కోస్తామనేది ఆ కాగితంలో పుట్టింది కాదు, కాంటా దగ్గర పుట్టింది.

ఇంకో సంగతి చూడండి. సంచిలో పొల్లు ఎక్కువుందని రెండు కిలోలు కోశారు. కోసిన తర్వాత సంచిలో పొల్లు తగ్గిందా? ఒక్క గింజ కూడా తగ్గలేదు. అదే సంచి అదే లారీలో అదే మిల్లుకు పోతుంది. ఆడించిన బియ్యం రేషను షాపుకు, అంగన్‌వాడీకి, సాంఘిక సంక్షేమ హాస్టలుకు పోతుంది. నాకు కడుపు మండేది ఇక్కడే. పొల్లు నిజంగా ఉంటే ఆ వడ్లు కొనకూడదు, పిల్లల కంచం దాకా పోనివ్వకూడదు. పొల్లు లేకుంటే నా వడ్లు కోయకూడదు. తరుగు ఈ రెండు తప్పులనూ ఒకేసారి చేస్తుంది: రైతును ముంచుతుంది, తినేవాణ్ని కాపాడదు.

2024 యాసంగిలో నేను 180 బస్తాలు అమ్మాను. మా దగ్గర బస్తా అంటే 40 కిలోలు. ఖాళీ గన్నీ సంచి బరువు ఆరు వందల గ్రాములు వేసుకున్నా 40.6 జోకితే న్యాయం. నావి 42.6 జోకారు. ఆ రాత్రి ఫోనులో నేనూ 'కానియ్' అన్నాను కాబట్టి బస్తాకు ఇంకో కిలో పోయింది. మొత్తం 540 కిలోలు. ఆ సీజనులో గ్రేడ్-ఏ మద్దతు ధర క్వింటాలుకు 2,203 రూపాయలు. నాకు పోయింది 11,896.

డబ్బు పోయినందుకంటే రసీదు చూసినందుకు ఎక్కువ బాధ కలిగింది. అందులో 70 క్వింటాళ్ల 20 కిలోలు అని ఉంది, నేను తెచ్చిందే అంత అన్నట్టు. సమాచార హక్కు చట్టం కింద దరఖాస్తు పెట్టి, నా ధాన్యంలో ఎంత తరుగు తీశారు, ఏ నిబంధన కింద తీశారు అని అడిగాను. తరుగు అనే పద్దు మా రికార్డుల్లో లేదని జవాబు వచ్చింది. వాళ్లు అబద్ధం రాయలేదు. నిజంగానే లేదు. నేను నోటితో ఒప్పుకున్నాను, వాళ్లు నోటితో తీసుకున్నారు. కాగితం మీద ఏమీ జరగలేదు. ఏమీ జరగని చోట ఏ కోర్టు మాత్రం ఏం చేస్తుంది?

అందుకే తిరస్కరించమనండి అంటున్నాను. లారీ వాపస్ వస్తే దానికి తేదీ ఉంటుంది, కిరాయి రసీదు ఉంటుంది, గేటు దగ్గర నంబరు ఉంటుంది, 'ఎందుకు' అన్న ప్రశ్న ఉంటుంది. ఎందుకో రాయాల్సిన మనిషి పట్టిక తెరవక తప్పదు. తాలు ఎంత శాతం, ఎవరు కొలిచారు, ఏ శాంపిల్ మీద కొలిచారు అన్నవి రాయాలి. చాలా లారీలు ఆ కాగితం రాయాల్సి వచ్చే సరికి అక్కడే దిగిపోతాయి.

అడుగు వడ్లు మీరే తీసి చూపండి

రాశి పైన ఎండ తగిలిన వడ్లు మీటరులో పోయించి, అడుగున ఉన్న పచ్చిని కప్పిపెట్టడం మన ఊళ్లలో తెలివి కింద లెక్క. ఆ తెలివి వదిలేయండి. మిల్లులో నాలుగు బస్తాలు విప్పగానే అది బయటపడుతుంది. అప్పటినుంచి మీ మంచి వడ్ల మాట కూడా ఎవరూ నమ్మరు. నాణ్యత మీద వచ్చే ఏ తగాదాలోనైనా మొదటి ప్రశ్న ఒకటే: శాంపిల్ ఎక్కడినుంచి తీశారు? ఆ ప్రశ్నకు తడబడ్డ రైతు మిగతావన్నీ నిజమే చెప్పినా ఓడిపోతాడు.

తిండిగింజల శాంపిల్ ఎలా తీయాలో భారతీయ ప్రమాణాల సంస్థ రాసిపెట్టింది. ఐఎస్ 14818 శాంపిల్ తీసే పద్ధతికి, ఐఎస్ 4333 పరీక్షించే పద్ధతికి. కేంద్రం ఇచ్చే పట్టిక కిందనే ఈ నంబర్లు ఉంటాయి. సెంటరులో ఎవరైనా దోసిటితో పైపైన తీసుకుంటే ఈ రెండు నంబర్లు మర్యాదగా గుర్తుచేయండి. గొంతు పెంచే పని లేదు.

మీరు మాత్రం కాంటాకు ముందే ఇలా చేయండి. రాశి పైన, నడుమ, అడుగున, నాలుగు అంచుల దగ్గర తలా ఒక చాటెడు తీయండి. టార్పాలిన్ మీద పోసి బాగా కలపండి. గుండ్రంగా రొట్టెలా పరిచి నాలుగు ముక్కలుగా గీత గీయండి. ఎదురెదురు ముక్కలు రెండు తీసేసి, మిగిలిన రెండూ మళ్లీ కలపండి. కిలోన్నర మిగిలేదాకా ఇదే పని. దాన్ని మూడు పొట్లాలు చేయండి. ఒకటి మీకు, ఒకటి సెంటరుకు, ఒకటి తగాదా వస్తే తెరవడానికి. మూడింటి మీదా తేదీ, రాశి వివరం, మీ సంతకం, సెంటరు చూసే మహిళా సంఘం సభ్యురాలి సంతకం ఉండాలి. వ్యవసాయ విస్తరణ అధికారి (ఏఈవో) పెడితే ఇంకా మంచిది. ఎవరూ పెట్టకపోతే పక్క కల్లాల రైతులిద్దరితో పెట్టించి, పొట్లం కట్టేదంతా ఫోనులో వీడియో తీయండి.

ఇంటి దగ్గర పరీక్ష ఇంకా తేలిక. చిన్న డిజిటల్ కాంటా మీద వంద గ్రాముల వడ్లు జోకండి. స్టీలు పళ్లెంలో పోసి పొల్లు ఒక పక్కకు, మట్టి ఒక పక్కకు, నల్లబడ్డవి ఒక పక్కకు ఏరండి. ఏరిన కుప్పను మళ్లీ జోకండి. వంద గ్రాముల్లో ఒక గ్రాము అంటే ఒక శాతం. గింజల లెక్క వేయకండి, పట్టికలో శాతాలన్నీ బరువు మీదే. మా ఇంట్లో ఈ పని మా అమ్మ చేస్తుంది. డెబ్బై ఏళ్లుగా చాటలో బియ్యం చెరిగిన కళ్లు ఆమెవి. ఒకసారి "మనయే తప్పున్నయి బిడ్డా, పొల్లు రెండు గ్రాములొచ్చింది" అంది. మరునాడు పొద్దున్నే మళ్లీ తూర్పార పట్టాం. అది ఎవరి మీదా గెలుపు కాదు. అయినా ఆ రోజు కాంటా దగ్గర నిలబడ్డంత ధైర్యంగా నేను ఎప్పుడూ నిలబడలేదు.

పొట్లాల సంగతిలో ఒక జాగ్రత్త. గాలి చొరని ప్లాస్టిక్ సంచిలో కడితే తేమ నిలుస్తుంది, కానీ పచ్చి గింజ బూజు పడుతుంది. గుడ్డ సంచిలో కడితే గింజ బాగుంటుంది, కానీ తేమ ఆరిపోతుంది. అందుకని తేమ తగాదా ఏదైనా ఆ రోజే తేల్చుకోవాలి, ఆ అంకె ఆ రోజే రాయించుకోవాలి. పొల్లు, రంగు మారిన గింజల సంగతి గుడ్డ పొట్లం నెల తర్వాత కూడా చెబుతుంది.

అతిగా ఎండబెట్టకండి

ఇది అన్నిటికంటే తప్పుగా వినిపించే సలహా. 'ఎండినకొద్దీ మంచిదే, మిల్లోడు నోరెత్తడు' అని అందరూ అంటారు. లెక్క చూడండి.

17 శాతం తేమ ఉన్న క్వింటాలు వడ్లలో నీరు పోను 83 కిలోల గింజ ఉంటుంది. ప్రభుత్వం మద్దతు ధర ఇచ్చేది కనీసం ఆ గింజకు. మీరు 14 శాతానికి ఎండబెడితే అదే క్వింటాలులో 86 కిలోల గింజ పోతుంది. మూడు కిలోల గింజ ఎక్కువ, పైసా ఎక్కువ రాదు. 17 శాతం తేమ లెక్కన చూస్తే క్వింటాలుకు మూడున్నర కిలోల వడ్లు ఊరికే ఇచ్చినట్టు. దాని మీద మళ్లీ బస్తాకు రెండు కిలోల తరుగు ఇస్తే రెండుసార్లు ఇచ్చినట్టు. పైగా మండే ఎండలో అతిగా ఎండిన గింజకు పగుళ్లు పడతాయి. ఆడిస్తే నూక అవుతుంది. ఆ నూకకు కూడా మిల్లు మిమ్మల్నే అంటుంది.

అటువైపు లెక్క కూడా తెలిసుండాలి. తేమ 20 శాతం ఉంటే క్వింటాలులో గింజ 80 కిలోలే. 17 శాతం లెక్కకు తెస్తే అది 96.4 కిలోలకు సమానం. అంటే గీత దాటిన ప్రతి ఒక్క శాతానికి క్వింటాలుకు కిలో రెండు వందల గ్రాముల తేడా, అంతకు మించదు. 18 శాతం ఉందని క్వింటాలుకు ఐదు కిలోలు అడిగేవాడికి ఏ లెక్కా లేదని తెలిసిపోతుంది. ఈ లెక్క బేరానికి చెప్పడం లేదు. 18 ఉంటే ఒక పూట ఆరబెట్టి 17కు తేవడమే పని. ఎదుటివాడు ఎంత ఎక్కువ అడుగుతున్నాడో మీ మనసుకు తెలియాలని చెబుతున్నాను.

మీటరు చూపిన అంకెకు భయపడకండి. ఎండలోనుంచి తీసిన వేడి గింజకు ఒక అంకె, నీడలో చల్లారిన గింజకు ఒక అంకె వస్తుంది. ఒకే గుప్పెడు రెండు మీటర్లలో పోసినా తేడా కనిపిస్తుంది. చల్లారనిచ్చి, మూడుసార్లు పోసి, మూడు అంకెలూ రాయమనండి. అసలు కొలత ఓవెన్‌లో పెట్టి ఆరబెట్టి తూకం వేసేది. మీటరు దానికి దగ్గరి అంచనా మాత్రమే. ఈ మాట సెంటరు వాళ్లతో అంటే కొందరు నవ్వుతారు. పరవాలేదు, రాయించుకోండి.

సంతకం పెట్టండి, పక్కన రెండు మాటలు రాయండి

సంతకం పెట్టకుండా మొండికేయమని నేను చెప్పను. పెట్టకపోతే డబ్బు పడదు. పిల్లల ఫీజులు, కూలీల బాకీలు తగాదా తేలేదాకా ఆగవు. పెట్టండి. పెట్టిన చోటే 'తూకం కోతకు అభ్యంతరంతో' అని రాయండి. పెన్ను లాక్కుంటే ఇంటికొచ్చి అదే మాట తేదీ వేసి రిజిస్టర్డ్ పోస్టులో పంపండి. పోస్టాఫీసు ముద్ర మీ సాక్షి.

చట్టం తెలిస్తే ఈ రెండు మాటల బరువు తెలుస్తుంది. సరుకుల అమ్మకపు చట్టం 1930 నాటిది. అందులో 22వ సెక్షను ఏమంటుందంటే, ధర తేల్చడానికి అమ్మేవాడు సరుకును జోకి, కొలిచి, పరీక్షించాల్సి ఉంటే, ఆ పని జరిగి కొనేవాడికి తెలిసేదాకా సరుకు అమ్మేవాడిదే. 26వ సెక్షను ప్రకారం సరుకు ఎవరిదో నష్టం వాళ్లదే. ఇద్దరూ వేరుగా ఒప్పుకుంటే తప్ప ఇదే నియమం. దీనిమీదే నా వాదన నిలబెడతాను: సెంటరులో తేమ చూసి, కాంటా వేసి, రసీదు ఇచ్చిన తర్వాత ఆ వడ్లు నావి కావు. రాత్రి ఎనిమిదిన్నరకు మిల్లు దగ్గర వచ్చే పేచీ కొన్న సంస్థకూ మిల్లుకూ మధ్యది. ఆ ఫోను నాకు రావాల్సిన ఫోనే కాదు. అందుకే కాంటా అయిన నిమిషంలోనే, లారీ కదలకముందే తూకం చీటీ పట్టుకోవాలి. 'పైసలు పడ్డంక ఇస్తం' అంటే అది సంతకం పెట్టే కాగితం కంటే ముందు కొట్లాడాల్సిన చోటు.

42వ సెక్షను ఇంకో సంగతి చెబుతుంది. కొన్నవాడు సరుకు తనదైనట్టు వాడుకున్నా, వద్దని చెప్పకుండా తగినంత కాలం ఉంచుకున్నా, ఒప్పుకున్నట్టే. వడ్లు దించుకొని, ఆడించి, పదిహేను రోజుల తర్వాత నాణ్యత లేదనే మనిషికి ఈ సెక్షను చదివి వినిపించండి. నష్టపరిహారం అడిగే దారి ఆయనకూ వేరే ఉంది, అయితే దానికి ఆయన రుజువులు చూపాలి. మీ తూకం కోసుకోవడం ఆ దారి కాదు.

మిల్లరుతో కొట్లాడకండి

ఇక్కడ నా తోటి రైతులే నా మీద కోపం చేసుకుంటారు. మిల్లు ఓనరు దొంగ అనుకోవడం సులువు. ఆయన మెడమీద ఉన్న కత్తి చూడండి. ప్రభుత్వం ఇచ్చిన ప్రతి క్వింటాలు వడ్లకు ఆయన పచ్చి బియ్యమైతే 67 కిలోలు, ఉప్పుడు బియ్యమైతే 68 కిలోలు తిరిగి ఇవ్వాలి. పచ్చి బియ్యంలో నూక 25 శాతం దాటితే భారత ఆహార సంస్థ తీసుకోదు. యాసంగి వడ్లు ఏప్రిల్, మే ఎండకు ఎండి, ఆడిస్తే విరుగుతాయి. అందుకే తెలంగాణలో యాసంగి పంటను ఉప్పుడు బియ్యం చేసేవారు. కేంద్రం ఉప్పుడు బియ్యం ఇక వద్దన్నప్పుడు ఎంత గొడవైందో మనకు గుర్తుంది, 2022 ఏప్రిల్‌లో ముఖ్యమంత్రే ఢిల్లీ వెళ్లి ధర్నా చేయాల్సి వచ్చింది. విరగని గింజను కోరే పట్టిక ఒకటి, విరిగే గింజను ఇచ్చే వాతావరణం ఒకటి. ఈ రెండింటి నడుమ మిల్లు నలుగుతుంది, నలిగి ఆ భారం మన బస్తా మీదికి దొర్లిస్తుంది.

ఆయన బియ్యం గోదాముకు పోతే అక్కడ ఇంకో పరీక్ష. కొత్త బియ్యమా, పాత రేషను బియ్యం తిప్పి తెచ్చారా అని రంగు ద్రావణం వేసి చూస్తారు. కొత్తదైతే ఆకుపచ్చగా కనిపిస్తుంది, పాతబడ్డకొద్దీ పసుపు, నారింజ రంగుకు తిరుగుతుంది. అక్కడ లారీ వాపస్ వస్తే ఆయన కూడా మనలాగే 'ఏదో ఒకటి చేసి దించండి' అనే చోటికి వస్తాడు.

కాబట్టి మిల్లు గేటు దగ్గర కొట్లాడే బదులు ఆయనతో కూర్చోండి. "సేటూ, మీ బియ్యం ఎందుకు వద్దన్నరో గోదాములో రాయించుకోండి. మా వడ్లు ఎందుకు వద్దో మీరు మాకు రాసివ్వండి" అని అడగండి. కింద నుంచి పై దాకా ప్రతి గడపలోనూ కారణం కాగితం మీదికి వస్తే, తప్పు గింజలో ఉందా, యంత్రంలో ఉందా, పట్టికలో ఉందా అన్నది తేలుతుంది. పట్టికలోనే ఉంటే రైతూ మిల్లరూ ఒకే పక్క నిలబడి అడగాలి. రైతు మీద కోసిన కిలోలతో ఆ నష్టం పూడ్చుకోవడం మొదలుపెట్టిన నాడే ఆయన పైన అడగడం మానేశాడు.

తడిసిన వడ్లు

2023 డిసెంబరు 5న మిచాంగ్ తుపాను బాపట్ల దగ్గర తీరం దాటింది. కృష్ణా డెల్టాలో కోసిన పనలు నీళ్లలో తేలాయి. అప్పుడు ఎంతకైనా సరే అన్న మాట ఏ రైతు నోట వచ్చినా తప్పుపట్టలేను. అయినా ఆ మాట అనకముందు ఒక్కటి చేయండి: గీతను సడలించమని అడగండి. రాష్ట్రం అడిగితే కేంద్రం నిపుణులను పంపి శాంపిళ్లు తీయించి సడలింపు ఇచ్చిన సందర్భాలు ఉన్నాయి. 2023 ఏప్రిల్‌లో అకాల వానలకు పంజాబ్, హర్యానాల్లో గోధుమ మెరుపు తగ్గి గింజ ముడుచుకుపోతే, ముడుచుకున్న గింజల పరిమితిని 6 శాతం నుంచి 18 శాతానికి పెంచారు. ధరలో కోత పెట్టిన చోట కూడా ఎంతకు ఎంత అన్నది ఉత్తర్వులో రాశారు. రాసిన కోతకు, నోటి కోతకు ఉన్న తేడా అదే. వాన పడ్డ రెండో రోజే ఊరంతా కలిసి ఫొటోలతో, పొట్లాలతో కలెక్టరుకు అర్జీ పెట్టండి. ఒక్కడు పెడితే మొర, వందమంది పెడితే బృందం వస్తుంది.

ఏ గడప తొక్కాలి

'వినియోగదారుల కమిషన్‌కు పో, అక్కడ తొందరగా తేలుతుంది' అని చదువుకున్నవాళ్లే చెబుతారు. పోకండి. అది కొన్నవాళ్ల కోసం ఉన్న చట్టం. వడ్ల దగ్గర మీరు అమ్మినవాళ్లు. నెలలు తిరిగి, ఇది మా పరిధి కాదని వినడానికి తప్ప పనికిరాదు.

నేరుగా హైకోర్టుకు రిట్ వేయాలని కూడా తొందరపడకండి. తాలు ఎంత శాతం అన్నది సాక్ష్యంతో తేల్చాల్సిన సంగతి. రిట్‌లో కోర్టులు సాధారణంగా అందులోకి దిగవు. వాళ్లు చూసేది నిర్ణయం ఎలా జరిగిందని. పాడైన తిండిగింజల అమ్మకం మీద భారత ఆహార సంస్థకూ కామధేను అనే పశుదాణా సంస్థకూ నడిచిన కేసులో 1992లో సుప్రీంకోర్టు ఒక సూత్రం గట్టిగా చెప్పింది: ఒప్పందాల్లో కూడా ప్రభుత్వ సంస్థకు ఇష్టారాజ్యం ఉండదు, న్యాయంగా నడుచుకోవాలి. ఆ కేసు గెలిచింది మాత్రం ఆహార సంస్థే, ఎందుకంటే తన నిర్ణయానికి సరైన కారణం చూపగలిగింది. మన తరుగుకు అలాంటి కారణం చూపమనండి.

ముందుగా సమాచార హక్కు. 2005 చట్టం కాగితాల నకళ్లు అడిగే హక్కుతో ఆగలేదు, సర్కారు చేతిలో ఉన్న వస్తువుల ధ్రువీకరించిన నమూనాలు తీసుకునే హక్కు కూడా ఇచ్చింది. ఇది చాలామందికి తెలియదు. సెంటరు దగ్గర ఉన్న మీ రాశి శాంపిల్ అడగండి, తేమ రిజిస్టరు నకలు అడగండి, కాంటాకు తూనికలు కొలతల శాఖ ముద్ర ఎప్పుడు వేశారో అడగండి. 30 రోజుల్లో జవాబు రావాలి. ఆ తర్వాత మండల న్యాయ సేవల కమిటీ. కేసు వేయకముందే లోక్ అదాలత్‌లో పెట్టమని అక్కడ అర్జీ ఇవ్వచ్చు, కోర్టు ఫీజు లేదు. 1987 నాటి న్యాయ సేవల చట్టం 12వ సెక్షనులో మహిళలకు, ఎస్సీ ఎస్టీలకు ఉచిత న్యాయ సహాయం ఉంది. వరద, కరువు బాధితుల పేరు కూడా అక్కడే ఉంది. తుపానులో మునిగిన రైతు వకీలు ఫీజుకు అప్పు చేయనక్కర లేదు. అక్కడా తెగకపోతే సివిల్ దావా. సర్కారు మీద వేసే ముందు సివిల్ ప్రొసీజర్ కోడ్ 80వ సెక్షను కింద రెండు నెలల నోటీసు ఇవ్వాలి, మూడేళ్లలోపు వేయాలి.

ఖర్చు ఎక్కువ కాదా అని అడుగుతారు. అవుతుంది. పోయిన 11,896 కోసం తిరుగుడుకు, జిరాక్సులకు, పోస్టుకు, పనిమానుకున్న రోజులకు నేను అంతకు దగ్గరే ఖర్చు పెట్టాను. ఒక్క రూపాయి తిరిగి రాలేదు, ఎందుకంటే నేను ఒప్పుకొని ఇచ్చాను. అయినా పెట్టమనే చెబుతాను. ఆ ఖర్చుతోనే నాకు తరుగుకు పద్దు లేదన్న కాగితం దొరికింది.

మరుసటి వానాకాలం 164 బస్తాలు. తేమ మూడుసార్లు పోయించాను: 16.4, 16.8, 16.5. మూడు పొట్లాలు కట్టాను. కాంటా మీద 42 పెట్టబోతుంటే సమాచార హక్కు జవాబు తీసి ముందర పెట్టాను. సంఘం ఆడబిడ్డ దాన్ని రెండుసార్లు చదివి, హమాలీలతో "40.6 పెట్టుండ్రి" అంది. రాత్రి ఫోను వచ్చింది, ఈసారి తొమ్మిదింటికి. బస్తాకు కిలో. వాపస్ పంపమన్నాను. ఎందుకో రాసివ్వమన్నాను. మా ఇంటామె అన్నం పళ్లెం పక్కకు జరిపి నా మొహం చూస్తూ కూర్చుంది. లారీ ఆ రాత్రి మిల్లు గేటు బయటే నిలబడింది. కిరాయి వాడికి అదనంగా 1,500 ఒప్పుకున్నాను. తెల్లారి ఆరున్నరకు మళ్లీ ఫోను.

"దించుకున్నరు అన్నా. ఎంతకంటే, జోకినంతకే."

ఆ పొద్దున పక్క కల్లం వదినె మా ఇంటికి వచ్చింది. ఆమెవి 92 బస్తాలు, ఇంకా జోకలేదు. గుమ్మంలో నిలబడి, పొట్లం కట్టేటప్పుడు రొట్టెను నాలుగు ముక్కలు ఎట్లా చేయాలో ఒకసారి చూపియ్యమంది.